గిన్నె మీద పేరు

హైదరాబాద్ బేగంబజార్ గిన్నెల దుకాణాలకు పెళ్లిసామాను కోసమే కాదు, పెద్దకర్మ కోసమూ వస్తారు. స్టీలు డబ్బాలు గానీ పళ్లేలు గానీ తీసుకుని, పోయినవారి పేరు, తేదీ చెక్కించి, ఆ రోజు భోజనానికి వచ్చిన చుట్టాలకు పంచుతారు. ఏళ్ల తర్వాత ఎవరింట్లోనో కందిపప్పు డబ్బా మూత తీస్తుంటే ఆ అక్షరాలు వేలికి తగులుతాయి. పటంలో దండ వెనక ఉండిపోవాల్సిన మనిషి వంటింటి వాడుకలోకి వస్తారు.

సొంతవాళ్ల చావు గురించి తీసుకునే వ్యక్తిగత డాక్యుమెంటరీ చేసే పనీ ఇదే.

సొంత దుఃఖాన్ని కళలో పెట్టుకోవడం ఈ ఊరికి కొత్త కాదు. 1908 సెప్టెంబరు మూసీ వరదలో తల్లినీ, భార్యనూ, కూతురినీ పోగొట్టుకున్న ఉర్దూ కవి అంజద్ హైదరాబాదీ ఆ ప్రళయాన్ని కవితగా రాశారు. ఆయన మాట మనకు మిగిలింది. పోయినవాళ్ల గొంతులు మిగల్లేదు. కెమెరా ఇచ్చే అదనపు భాగ్యం ఆ గొంతే.

దాన్ని పట్టుకోవడంలో మొదటి మెళకువ, చిన్న విషయాన్ని వదలకపోవడం. బెల్జియం దర్శకురాలు షాంటాల్ అకెర్మాన్ 2015 నాటి 'నో హోమ్ మూవీ'లో, ఆష్‌విట్జ్ నుంచి బతికి బయటపడ్డ తల్లితో వంటింట్లో కూర్చుని తిండి గురించీ పాత రోజుల గురించీ మాట్లాడుతుంది. కెమెరా చాలావరకు కదలదు. ఖాళీ గదిని కూడా చాలాసేపు చూపిస్తుంది. మనిషి లేని ఇల్లు ఎలా ఉంటుందో చెప్పడానికి వ్యాఖ్యానం అక్కర్లేదు.

అడిగే ప్రశ్నలోనూ ఇదే సూత్రం. నాన్న పోయాక నీకేమనిపిస్తోందని అమ్మను అడిగితే కొంగు కళ్లకు అడ్డం వస్తుంది. నాన్న చాయ్‌లో చక్కెర ఎన్ని చెంచాలు వేసేదానివని అడిగితే మాట కదులుతుంది.

డాక్యుమెంటరీ దర్శకుడు ఆనంద్ పట్వర్ధన్ వృద్ధులైన అమ్మానాన్నలను ఇంటి వీడియోలుగానే తీసుకున్నారు. వాళ్లు పోయాక ఆ ఫుటేజీ 2023లో 'వసుధైవ కుటుంబకం' అయింది. ఇంటి ముచ్చట్లలోంచే స్వాతంత్ర్యోద్యమం, దేశ విభజన బయటికొచ్చాయి. అమెరికా దర్శకురాలు కిర్‌స్టెన్ జాన్సన్‌ది ఇంకో దారి. మతిమరుపు ముదురుతున్న తండ్రి బతికుండగానే, ఆయన చావును రకరకాలుగా నటింపజేసి, ఇద్దరూ నవ్వుకుంటూ 'డిక్ జాన్సన్ ఈజ్ డెడ్' తీశారు. అది 2020లో వచ్చింది.

అయితే అసలు కర్మ జరిగేది ఎడిటింగ్ బల్ల దగ్గర. వినగానే గొంతు పూడుకుపోయిన మాటనే పదేపదే వినాలి. ఎక్కడ తుంచాలో, ఎంత మౌనం ఉంచాలో తేల్చుకోవాలి. ఇది వైద్యం కాదు, కన్నీళ్లు ఆరిపోతాయన్న హామీ లేదు. కానీ ఊరికే మీద పడుతున్న దుఃఖానికి మొదలూ చివరా పెట్టుకునే పని చేతికి దొరుకుతుంది. ఆ తర్వాత ఇంటిల్లిపాదీ కలిసి చూస్తే, ఇన్నాళ్లూ ఎవరి గదిలో వాళ్లు ఏడ్చినవాళ్లు ఒకే సీను దగ్గర నవ్వొచ్చు కూడా.

ఒక్క షరతుంది. గిన్నె మీద చెక్కించేముందు పేరు కాగితం మీద రాసిచ్చి, అక్షరం తప్పు పోకుండా చూసుకుంటాం. సినిమాలోనూ అంతే. నాన్న కోపం, అమ్మ సాధింపు తీసేసి దేవుళ్లను చేస్తే, ఆ డబ్బా మీద ఇంకెవరి పేరో పడ్డట్టే.