జపాను రామాయణ చిత్రమున అగ్నిప్రవేశ పరిత్యాగము

పెద్దలకు ఉద్దేశింపబడిన గంభీరవస్తువును గీతబొమ్మల చలనచిత్రము భరింపగలదా యను ప్రశ్న జపాను దేశమున చాలకాలము క్రిందటనే పరిష్కృతమైనది. 1988లో తకహాతా ఇసావో దర్శకత్వమున వెలువడిన ‘హోతారు నో హాకా’, అనగా ‘మిణుగురుల సమాధి’, ఇందుకు నిదర్శనము. 1945 నాటి అగ్నిబాంబుల దాడిలో తల్లిని కోల్పోయిన అన్నాచెల్లెండ్రు ఆకలిచే క్రమముగా నశించుట అందలి కథ. అన్న మరణము చిత్రారంభముననే చూపబడును. ప్రేక్షకునకు ఆశ యను ఊతకూడ మిగులదు. మన దేశమున బొమ్మలచిత్రమనగా శిశువినోదమను భావము నేటికిని బలముగా నున్నది. ఈ భావభేదము ఒక రామాయణ చిత్రమునందు ఎట్టి ఫలితమును కలిగించినదో విచారించుటయే ఈ వ్యాసమునకు ప్రయోజనము.

యూగో సాకో అను జపాను చిత్రనిర్మాత 1983లో రామాయణ స్థలములందలి పురావస్తు త్రవ్వకములనుగూర్చి యథార్థచిత్రమును తీయుటకై భారతదేశమునకు వచ్చిరి. ఆ వార్త పత్రికలకెక్కగా, విదేశీయులు రామాయణమును ఇచ్ఛానుసారముగ చిత్రింపరాదని విశ్వహిందూ పరిషత్తు అభ్యంతరము తెలిపినది. పిదప ఆయన బొమ్మలచిత్రమును తలపెట్టి ప్రభుత్వ సహకారమును కోరగా, రామకథ సున్నితమైనదనియు, కార్టూనుగా చూపదగినది కాదనియు తిరస్కారము లభించినది. అందుచే నిర్మాణము ప్రధానముగ జపానులోనే జరిగినది. కొఇచి ససాకి, మన దేశీయుడగు రామ్ మోహన్ సాకోతోపాటు దర్శకత్వభారమును వహించిరి. సుమారు 450 మంది చిత్రకారులు పనిచేసిరనియు, పారదర్శకమైన పలుచని రేకులపై సుమారు లక్ష బొమ్మలు చేతితో రచింపబడెననియు చెప్పుదురు. వస్త్రధారణ, నమస్కార విధానము మొదలగు విషయములలో భారతీయ చిత్రకారులు మార్గము చూపిరి. 1992లో పూర్తియైన ఈ చిత్రము 1993 జనవరిలో ఢిల్లీ చలనచిత్రోత్సవమున ప్రదర్శితమై, 2025 జనవరిలో తెలుగు మాటలతో కూడ మన ప్రదర్శనశాలలకు వచ్చినది.

బొమ్మలలో రాముని చూపుట అపచారమను వాదము తెలుగువారి సంప్రదాయమునకు పొసగదు. పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్రనాటికే బొమ్మలాటలు మనకు పరిచితములు. మేక, జింక మొదలగువాని తోళ్లను నానబెట్టి, గీకి, కాంతి చొచ్చుకొని పోవునంత పలుచన చేసి, రంధ్రములు పొడిచి, రంగులు వేసి, తెర వెనుక దీపమునకెదురుగ ఆడించుట తోలుబొమ్మలాటలోని శిల్పము. జపాను చిత్రకారుని పారదర్శకపు రేకు దీనికి దూరపు చుట్టము కాదు. తోలుబొమ్మల రాముడు రంగనాథ రామాయణ ద్విపదలతో నడచును. ఆ తెరమీదనే జుట్టుపోలిగాడు, బంగారక్క, కేతిగాడు బూతుహాస్యముతో నవ్వింతురు. మొదలి నాగభూషణశర్మగారు మొదలగువారు ఈ కళనుగూర్చి విపులముగ చర్చించియున్నారు. ఇచ్చట గమనింపదగినది ఒక్కటే: బంగారక్క వెక్కిరింతకు చోటిచ్చిన తెరపై రాముని గౌరవము తగ్గలేదు, రాత్రియంతయు కూర్చుండిన జనులు రెంటిని వేరువేరుగ గ్రహించిరి.

జపాను చిత్రము ఇట్టి ధైర్యమును చూపలేదు. రావణవధానంతరము సీతారాములు నిరాటంకముగ కలిసికొని పుష్పకముపై అయోధ్యకు మరలుదురు; అగ్నిప్రవేశము లేదు, ఉత్తరకాండ కథయు లేదు. సుమారు 2 గంటల 15 నిమిషములలో ఆరు కాండములను ఇముడ్చుటకు కొంత వదలక తప్పదని సమర్థింపవచ్చును. ఉత్తరకాండ విషయమున ఈ సమాధానము చెల్లును. గోన బుద్ధారెడ్డియు యుద్ధకాండతోనే విరమించెను. ఉత్తరభాగమును ఆయన పుత్రులు రచించిరి. కాని అగ్నిప్రవేశము యుద్ధకాండాంతర్గతము. యుద్ధమునకు విస్తారముగ స్థలమిచ్చి యుద్ధఫలమగు ఈ ఘట్టమును విడుచుట కాలాభావముచేత కాదు, వివాదభయముచేతనే యని నా యభిప్రాయము.

ఈ పరిత్యాగముచే రాముని పరుషవాక్యములు మాత్రమే లోపించినవనుకొనుట పొరపాటు. వాల్మీకి ఆ ఘట్టమున సీతను నిరుత్తరగా నిలుపలేదు. ఆమె భర్తకు సూటిగా సమాధానము చెప్పి, చితి పేర్పుమని లక్ష్మణుని ఆదేశించును. రాముని నింద నుండి కాపాడబూనిన చిత్రము సీత నోటి మాటను కూడ హరించినది. అపహృతయై, విలపించి, విడిపింపబడిన స్త్రీగా మాత్రమే ఆమె మిగిలినది.

ఈ లోపము సత్తుపల్లి మొదలు భద్రాచలము వరకు గల ఈ అడవిసీమవారికి మరింత స్ఫుటముగ తోచును. సీతాపహరణము పర్ణశాలలో జరిగినదని ఇచ్చటి జనుల విశ్వాసము. అగ్నిప్రవేశమునకు కారణమైన శంకకు బీజము పడిన చోటు వారికి తమ యూళ్ల నడుమనే యున్నది. రామదాసు తన మొరను రామునికి విన్నవింపుమని వేడుకొనినది సీతమ్మనే. రామునితో మాటాడగల సీత ఈ ప్రాంతపు భక్తికి ఆధారము. తెలుగు ప్రేక్షకులు సీతాదుఃఖమును చూడజాలని సుకుమారులును కారు. సీతాపరిత్యాగమే వస్తువుగా గల ‘లవకుశ’ చిత్రమును 1963లో వారు తండోపతండములుగ చూచి కన్నీరు పెట్టిరి. రామభక్తి అందుచే సడలలేదు.

చిత్రలేఖన సౌందర్యమున ఈ రామాయణము ప్రశంసార్హమనుటకు సందేహములేదు. అడవులు, సముద్రము, యుద్ధభూమి అందు మనోజ్ఞముగ రూపొందినవి. ఐనను కార్టూనుతగదన్న ఆక్షేపణకు అది ఇచ్చిన సమాధానము వినయముతో కూడినది మాత్రమే, సంపూర్ణము కాదు. ‘మిణుగురుల సమాధి’ని సృజించిన దేశపు చిత్రకారులకు అగ్నిప్రవేశమును చిత్రించు శక్తి లేదనరాదు, ఆ శక్తిని వినియోగించు స్వాతంత్ర్యము ఈ కథ విషయమున వారికి లభింపలేదు. తోలుబొమ్మలవారు అగ్నిప్రవేశ ఘట్టమును ఎట్లు ఆడుదురో, అప్పుడు హాస్యగాండ్రు తెరపై నుందురో లేదో, సీత పలుకులను ఎవరి గొంతున వినిపింతురో మన పరిశోధక విద్యార్థులు కళాకారుల యిండ్లకు పోయి సేకరింపవలెను. రేపు తెలుగున రామకథను బొమ్మలచిత్రముగ తీయబూనువారికి ఆ సామగ్రి కంటె మేలైన పాఠ్యగ్రంథము ఉండదు.