రాశి పేర్లలో లెక్క: తల్లాప్రగడ సుబ్బారావు చూపిన దారి

బస్తర్ దక్షిణపు కొసన, తెలంగాణ సరిహద్దును ఆనుకుని ఉండే తర్లగూడలో తెలుగు, గోండి, హిందీ కలగలిసి వినిపిస్తాయి. అటువంటి చోట 'గుప్తవిద్య' అన్న మాట చెవిన పడితే మూడు వేర్వేరు సంగతులు ఒక్కటిగా మెదులుతాయి. ఒకటి చేతబడి, బాణామతి. ఛత్తీస్‌గఢ్ హిందీలో ఆ నింద పడ్డ ఆడమనిషిని తోన్హీ అంటారు. రెండోది కోయల వడ్డె చేసే పూజ. మేడారంలో చిలకలగుట్ట నుంచి సమ్మక్కను కుంకుమభరిణె రూపంలో గద్దె మీదికి తెచ్చేది వడ్డెలే. అది జనం కోసం, జనం ఎదుట జరిగే పని. మూడోది ఒక ఆలోచనా పద్ధతి. పేరుకూ అంకెకూ, దేహానికీ ఆకాశానికీ ఒకే కొలత ఉందని నమ్మి, ఆ కొలతను వెతికే తత్త్వం. ఐరోపాలో శతాబ్దాలపాటు గుప్తతత్త్వం పేరుతో నడిచింది ఈ మూడోదే. దాన్ని మొదటి రెండింటితో కలిపి చూడడం వల్ల మనం ఒక గొప్ప తెలుగు ఆలోచనాపరుణ్ణి పోగొట్టుకున్నాం. ఆయన తల్లాప్రగడ సుబ్బారావు. ఆయన్ని మహత్తులు తెలిసిన మనిషిగా చూస్తే దక్కేది తక్కువ. గూఢార్థాన్ని కూడా నియమం ప్రకారమే చదవాలని పట్టుబట్టిన మనిషిగా చూస్తే చాలా దక్కుతుంది.

ముందు ఐరోపా సంగతి. 1463లో ఫ్లోరెన్సులో మార్సీలియో ఫిచీనో ప్రాచీన జ్ఞానిగా తలచిన హెర్మెస్ ట్రిస్మెజిస్టస్ పేరిట ఉన్న గ్రీకు గ్రంథాలను లాటిన్‌లోకి తెచ్చాడు. తత్త్వవేత్త పికో 1486లో ప్రకటించిన 900 ప్రతిపాదనల్లో యూదుల గూఢవిద్య కబ్బాలాకు చోటిచ్చాడు. 1533లో కార్నీలియస్ అగ్రిప్పా మూడు సంపుటాల గుప్తతత్త్వ గ్రంథం పూర్తిగా అచ్చయింది. అందులో రెండో సంపుటంలో చాలా చోటు అంకెలదే: ఒకటి నుంచి పన్నెండు దాకా అంకెలకు లోకంలో, ఆకాశంలో, దేవతల్లో ఏమేమి జతపడతాయో వేసిన పట్టికలు. ఈ ఆలోచన విజ్ఞానానికి బయటే ఉండిపోలేదు. సూర్యుణ్ణి విశ్వం నడుమ నిలిపిన కోపర్నికస్ 1543 నాటి గ్రంథంలో ఆ సూర్యుణ్ణి కీర్తించేటప్పుడు ట్రిస్మెజిస్టస్‌ను తలచుకున్నాడు. 1936లో వేలానికి వచ్చిన న్యూటన్ రసవాద రాతప్రతుల్లో చాలావాటిని సేకరించింది ఆర్థికవేత్త కీన్స్. వాటిలో ట్రిస్మెజిస్టస్ పేరిట ఉన్న మరకత ఫలకం అనే పాఠానికి న్యూటన్ చేసుకున్న అనువాదం ఉంది. కళలోకి వస్తే కవి యేట్స్, చిత్రకారులు కాండిన్‌స్కీ, మోండ్రియన్ ఈ తత్త్వం దగ్గర అప్పుపడ్డవాళ్లే. మోండ్రియన్ 1909లో దివ్యజ్ఞాన సమాజంలో సభ్యుడయ్యాడు. 1875లో న్యూయార్క్‌లో పుట్టిన ఆ సమాజంతోనే పాత ఐరోపా గుప్తతత్త్వం భారతదేశం వైపు తిరిగింది. తిరిగిన ఆ తత్త్వానికి మద్రాసులో ఎదురైనవాడు సుబ్బారావు.

ఇంద్రావతి భద్రకాళి దగ్గర బస్తర్ నీళ్లను గోదావరిలో కలుపుతుంది. ఆ గోదావరి సముద్రంలో కలిసే జిల్లాలో, కాకినాడ ప్రాంతంలో, 1856 జులై 6న ఆయన పుట్టారు. మద్రాసు ప్రెసిడెన్సీ కాలేజీలో చదివి, కొంతకాలం బరోడాలో కొలువు చేసి, మద్రాసులో వకీలుగా స్థిరపడ్డారు. 1882లో దివ్యజ్ఞాన సమాజ స్థాపకులు బ్లావట్‌స్కీ, ఆల్కాట్ మద్రాసు రావడానికి ఆయన ఆహ్వానమూ కారణం. ఆ ఏడాది చివరికల్లా సమాజ కేంద్రం మద్రాసులోని అడయారుకు మారింది. అయితే ఆయన పనితనం అంతకు ముందే, 1881 నవంబరు నాటి సమాజ పత్రిక 'థియోసఫిస్ట్'లో, పన్నెండు రాశుల మీద రాసిన వ్యాసంలో బయటపడింది.

ఆ వ్యాసానికి తాళంచెవి కటపయాది లెక్క. సంగీతం నేర్చిన తెలుగు పిల్లలకు ఇది కొత్త కాదు. క నుంచి ఝ దాకా ఒకటి మొదలు తొమ్మిది, ట నుంచి ధ దాకా మళ్లీ ఒకటి మొదలు తొమ్మిది, ప నుంచి మ దాకా అయిదు, య నుంచి హ దాకా ఎనిమిది. ఞ, న సున్నాలు. గుణింతానికి విలువ లేదు. సంయుక్తాక్షరంలో చివరి హల్లుకే విలువ. వచ్చిన అంకెలను కుడి నుంచి ఎడమకు చదవాలి. ధీరశంకరాభరణంలో 'ధీ' 9, 'ర' 2, తిప్పితే 29. అందుకే అది 29వ మేళకర్త. మాయామాళవగౌళలో 'మా' 5, 'యా' 1, కనుక 15వది. సుబ్బారావు ఈ సూత్రాన్ని రాశులకు వేశారు. తులలో 'తు' 6, 'ల' 3, తిప్పితే 36: శాక్తులు చెప్పే 36 తత్త్వాలు. మీనంలో 'మీ' 5, 'న' సున్నా, తిప్పితే 05, అంటే అయిదు: పంచభూతాలు. కర్కాటకంలో నాలుగు అక్షరాలకూ విలువ ఒకటే, నాలుగు ఒకట్లు వస్తాయి. అందులో ఆయన ప్రణవంలోని నాలుగు మాత్రలను, మెలకువ, కల, గాఢనిద్ర, తురీయం అనే నాలుగు అవస్థలను చూశారు. అన్నిటికీ అంకెలే వాడలేదు. మేషానికి అజ అన్న పర్యాయపదం పట్టుకుని, అజ అంటే పుట్టుక లేనిది, పరబ్రహ్మం అన్నారు. మకరాన్ని విడదీసి 'మ' అంటే 5, 'కర' అంటే చెయ్యి, త్రిభుజంలో భుజం పక్క అయినట్టే ఇక్కడా పక్క కనుక ఇది పంచభుజి అన్నారు. 1888లో అచ్చయిన 'సీక్రెట్ డాక్ట్రిన్'లో బ్లావట్‌స్కీ ఈ మకరం లెక్కను ఆయన పేరుతోనే వాడుకుంది. గోదావరి జిల్లా వకీలు వేసిన లెక్క అలా పాశ్చాత్య గుప్తతత్త్వపు ప్రధాన గ్రంథంలోకి చేరింది.

దీనికి గట్టి ఆక్షేపణలు రెండున్నాయి, రెండూ నిజాలే. మొదటిది చరిత్ర. మేషం, వృషభం వంటి పన్నెండు రాశులు బాబిలోన్‌లో రూపుదిద్దుకుని గ్రీకుల ద్వారా మనకు వచ్చాయి. వరాహమిహిరుడు ఇచ్చిన క్రియ, తావురి వంటి పేర్లు నేరుగా గ్రీకు మాటలే. మన పేర్లు ఆ గ్రీకు పేర్లకు అనువాదాలైనప్పుడు వాటిలో రుషులు రహస్యం దాచారన్న వాదం నిలవదు. రెండోది లెక్కే. కుంభాన్ని ఆయన 14 అని, 14 లోకాలని చదివారు. 'కు' 1, 'ంభ' 4, ఎడమ నుంచి చదివితే 14. కానీ తులను తిప్పి చదివినప్పుడు కుంభాన్నీ తిప్పాలి కదా. తిప్పితే 41 వస్తుంది, 41 లోకాలు ఎక్కడా లేవు. ఇక్కడ సుబ్బారావు తన నియమాన్ని తానే వదిలేశారు. అది తప్పే.

అయినా ఆ తప్పు మనకెలా దొరికింది? ఆయన వాడిన తాళంచెవి అందరికీ తెలిసినది కాబట్టి, మేళకర్తలు లెక్కపెట్టే పిల్లవాడైనా దాన్ని తిరిగి వేసి చూడగలడు కాబట్టి. మహత్తుల మీద ఆధారపడే గుప్తవిద్యలో ఇది జరగదు. ఇక చరిత్ర తప్పడం అంటే, ఐరోపాకూ అదే జరిగింది. హెర్మెస్ గ్రంథాలు మోషే కాలం నాటివని ఫిచీనో నమ్మాడు. అవి క్రీస్తు తర్వాతి శతాబ్దాలవని 1614లో ఐజాక్ కసబోన్ భాషను బట్టి తేల్చాడు. అంతటితో ఫిచీనో తరం ఆలోచన వ్యర్థమైపోలేదు. మనిషి విశ్వాన్ని చదవగలడన్న ధీమా ఆ తప్పు తేదీ మీదే పెరిగింది. సుబ్బారావు రాశుల వ్యాసాన్నీ ఆ తూకంతోనే తూచాలి: చరిత్రగా చెల్లదు, వేదాంత తత్త్వాలను ఒక వరసలో అమర్చి చూపిన పటంగా చెల్లుతుంది.

ఆయన విలువ అన్నిటికంటే స్పష్టంగా తెలిసేది ఏడు, నాలుగుల తగాదాలో. సమాజ సభ్యుడు ఏ.పి. సిన్నెట్ 1883 నాటి పుస్తకంతో మనిషిలో ఏడు తత్త్వాలున్నాయన్న విభజన సమాజానికి వేదవాక్కయింది. 1886 డిసెంబరులో అడయారులో గీత మీద ఇచ్చిన ఉపన్యాసాల్లో సుబ్బారావు దాన్ని పక్కన పెట్టి స్థూల, సూక్ష్మ, కారణ శరీరాలు, ఆత్మ అన్న నాలుగు చాలన్నారు. కర్కాటకంలో చూపిన నాలుగే ఇక్కడికీ వచ్చింది. బ్లావట్‌స్కీ నొచ్చుకుని 1887లో పత్రికలోనే జవాబిచ్చింది, ఆయనా తిరిగి రాశారు. ఆయన వాదం సూటిగా ఉంటుంది. స్థూల, సూక్ష్మ, కారణ శరీరాలు మూడింటికీ మెలకువ, కల, గాఢనిద్ర అనే అవస్థలు జతగా ఉన్నాయి. చైతన్యం ఒక్కో శరీరంలో విడిగా నిలవగలదు కనుక ఆ విభజనకు అనుభవమే సాక్షి. ఏడింటికి అటువంటి సాక్ష్యం లేదు. ఏడు అన్న అంకె పవిత్రమైనదనో, సమాజం గురువులుగా నమ్మిన మహాత్ములు చెప్పారనో ఆయన ఒప్పుకోలేదు. 'సీక్రెట్ డాక్ట్రిన్' రాతప్రతి సరిచూడమని తన దగ్గరికి వస్తే ఆ పని చేయడానికి కూడా నిరాకరించారు. 1888లో సమాజం నుంచే తప్పుకున్నారు. 1885లో హాడ్జ్‌సన్ నివేదిక బ్లావట్‌స్కీ మహత్తులను మోసమని తేల్చింది నిజమే. సుబ్బారావు వాదాల్లో ఒక్కటీ ఆ మహత్తుల మీద ఆనుకుని లేదు.

మిగిలింది తర్లగూడ లాంటి ఊళ్ల వైపు నుంచి రావలసిన ప్రశ్న, నా మట్టుకు అన్నిటికంటే బరువైన ప్రశ్న. గుప్తతత్త్వాన్ని ఇలా పొగిడితే తోన్హీ అన్న నిందకు బలం చేకూరదా? ఆ నింద వేసి ఆడవాళ్లను హింసించడాన్ని అరికట్టడానికి ఛత్తీస్‌గఢ్ 2005లో ప్రత్యేక చట్టమే చేయవలసి వచ్చింది. ఆ చట్టం అవసరం, ఇంకా గట్టిగా అమలు కావాలి. కానీ ఆ నిందలో తత్త్వం రవ్వంత కూడా లేదు. అక్కడ సాక్ష్యం అడగరు, లెక్క చూపరు, ఎదురుమాట చెప్పనివ్వరు. సుబ్బారావు పద్ధతి ఈ మూడింటినీ కోరుతుంది. గూఢమని చెప్పే ప్రతిదాన్నీ నలుగురి ముందు నియమానికి నిలబెట్టి చూడడం అలవాటైన చోట, ఒంటరి ముసలమ్మ మీద చేతబడి నింద వేయడం అంత తేలిక కాదు.

1890 జూన్ 24న, 34 ఏళ్లు నిండకుండానే, ఆయన చనిపోయారు. రాశుల వ్యాసమూ గీతోపన్యాసాలూ మిగిలాయి. తెలుగు పాఠకులు వాటిని భక్తితోనో వెటకారంతోనో చూడకుండా, కటపయాది పట్టిక పక్కన పెట్టుకుని, పెన్సిలుతో చదవండి. తుల దగ్గర ఆయనతో ఏకీభవించండి, కుంభం దగ్గర ఆగి ఆయన్ని నిలదీయండి.