సేకరణ అనే మాట

ఏజెన్సీలో ‘సేకరణ’ అనగానే మనకు గుర్తొచ్చేవి చింతపండు, అడ్డాకులు, కరక్కాయలు. మనం సేకరిస్తే జీసీసీ వాళ్లు తూకం వేసి కొంటారు. గనికో, పెద్ద ఫ్యాక్టరీకో పర్యావరణ అనుమతి ఇచ్చే ముందు పెట్టే సభకూ తెలుగులో ‘ప్రజాభిప్రాయ సేకరణ’ అనే పేరు స్థిరపడింది. ఇక్కడ సేకరించేది మన మాటను. మరి దాన్ని తూచేదెవరు?

ఈ సభకు ఆధారం 2006 సెప్టెంబరు 14 నాటి పర్యావరణ ప్రభావ మదింపు నోటిఫికేషన్. దాన్ని కథనో కవితనో చదివినట్టు మాట మాట పట్టి చదవాలి. సభ మొదలుపెట్టడానికి కోరం అక్కర్లేదని అందులో ఉంది. అంటే ఊరు రాకపోయినా సభ జరిగినట్టే. ప్రభావ నివేదికను కన్సల్టెంటుకు డబ్బిచ్చి రాయించేది పరిశ్రమ పెట్టేవారే. వందల పేజీల నివేదిక ఇంగ్లీషులో ఉంటే, స్థానిక భాషలోకి తప్పక రావలసింది సారాంశం మాత్రమే. మన దగ్గర స్థానిక భాష అంటే తెలుగు. కోయ, కువి, గోండి, సవర మాట్లాడే అవ్వకు ఆ సారాంశమూ పరాయిదే.

2020లో ఈ నోటిఫికేషన్‌ను మార్చే ముసాయిదా వచ్చినప్పుడు, దాన్ని ఎనిమిదో షెడ్యూల్‌లోని 22 భాషల్లోకి అనువదించమని ఢిల్లీ హైకోర్టు చెప్పింది. మంచి మాటే. కానీ ఆ 22లో ఆదివాసీ భాషలు సంతాలీ, బోడో రెండే.

ఒడిశాలోని నియమగిరిలో సంగతి వేరు. బాక్సైట్ గని విషయంలో గ్రామసభలే తమ హక్కులపై నిర్ణయం చెప్పాలని 2013 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు తీర్పునిచ్చింది. పన్నెండు గ్రామసభలు జరిగాయి, పన్నెండూ వద్దన్నాయి. 2014 జనవరిలో కేంద్రం అనుమతి నిరాకరించింది. చివరి సంతకం మంత్రిత్వ శాఖదే అయినా, అక్కడ ఊరిని అడిగింది నిర్ణయం. మన సభల్లో అడుగుతున్నది అభిప్రాయం. తేడా ఈ రెండు మాటల మధ్యే ఉంది.

అలాగని నోటిఫికేషన్‌ను పక్కన పడేయనక్కర్లేదు. సభకు కనీసం 30 రోజుల ముందు ప్రకటన ఇవ్వాలి. అభ్యంతరాలు రాసి పంపవచ్చు. సభలో ఎవరేమన్నారో చివర స్థానిక భాషలో చదివి వినిపించాలి. అనుమతి వచ్చాక పరిశ్రమ షరతులు పాటిస్తున్నదీ లేనిదీ ఏటా జూన్ 1న, డిసెంబరు 1న నివేదిక ఇవ్వాలి. అది ఎవరైనా చూడదగిన పత్రం. ఇవన్నీ చదవనివాళ్లకు లేనట్టే.

ఆ ముప్పై రోజుల్లో చదువుకున్న పిల్లలు సారాంశాన్ని రచ్చబండ దగ్గర తమ భాషలో చెప్పాలి. ఉపాధ్యాయులు దాన్ని తరగతిలో పాఠంగా చదివించాలి. మన వాగు పేరు అందులో ఉందా, ఉంటే ఎండాకాలం పారుతుందని రాశారా, ఊటలెన్ని లెక్కపెట్టారు? పదో తరగతి పిల్లలు కూడా దీన్ని సరిచూడగలరు. తప్పు కనబడితే పేజీ నంబరు వేసి రాసి పంపాలి. తూకంలో మన వైపు పడే రాయి అదే.