రసాయనవేత్త నడిపిన వారపత్రిక

విలియం క్రూక్స్ లండన్‌లో ఒక దర్జీ కొడుకు. 1859లో, 27 ఏళ్ల వయసులో, 'కెమికల్ న్యూస్' అనే వారపత్రిక మొదలుపెట్టాడు. రసాయనవేత్త హాఫ్‌మన్ దగ్గర చదివినా ఆయనకు స్థిరమైన ఆచార్య పదవి దక్కలేదు. సొంత ప్రయోగశాల, సొంత పత్రిక, ఈ రెంటితోనే దశాబ్దాలు గడిపాడు. 1861లో వర్ణపటంలో కొత్త ఆకుపచ్చ గీత కనబడగానే తన పత్రికలోనే ప్రకటించాడు. ఆ మూలకమే థాలియం.

ఆ పత్రికతో మన తెలుగు నేలకూ ఒక ముడి ఉంది. 1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణం చూడటానికి ఫ్రాన్స్ నుంచి ఖగోళ శాస్త్రవేత్త జాన్సెన్ గుంటూరు వచ్చాడు. ఆ ఏడాది సాగిన పరిశీలనల్లో సూర్యుడి వెలుగులో ఒక పసుపు గీత బయటపడింది. భూమ్మీద తెలిసిన ఏ మూలకానికీ అది సరిపోలలేదు. 1895లో రసాయనవేత్త రామ్సే ఒక ఖనిజం నుంచి వాయువు తీసి, దాన్ని గాజు గొట్టంలో క్రూక్స్‌కు పంపాడు. క్రూక్స్ కొలిచి చూసి, సూర్యుడిలోని గీత ఇదేనని తేల్చాడు. అదే హీలియం. ఆ కబురూ 'కెమికల్ న్యూస్'లోనే అచ్చయింది.

వారం వారం సైన్సు రాసే నాకు ఇంతకన్నా గొప్ప సంపాదకత్వం కనిపించదు. వచ్చిన వార్తను తన చేత్తో కొలిచి చూసి మరీ అచ్చుకిచ్చాడు.

అదే క్రూక్స్ ఇంకోచోట తప్పటడుగు వేశాడు. 1871లో, తానే సంపాదకుడిగా ఉన్న 'క్వార్టర్లీ జర్నల్ ఆఫ్ సైన్స్'లో, ఆత్మలతో మాట్లాడతానన్న హోమ్ అనే వ్యక్తి శక్తులు నిజమేనని రాశాడు. రాసినవాడూ అచ్చువేసినవాడూ ఒక్కరే అయినప్పుడు అడ్డుచెప్పే మనిషి ఉండడు. పత్రిక పనిలో నాకు అన్నిటికన్నా భయం కలిగించేది ఇదే.

క్రూక్స్ 1898లో బ్రిస్టల్‌లో చేసిన ప్రసంగం మాత్రం మన పొలాల దాకా వచ్చింది. చిలీ నైట్రేట్ నిల్వలు అయిపోతాయి, గోధుమ తినేవాళ్లకు తిండి కరువవుతుంది, గాలిలోని నత్రజనిని పట్టే పని రసాయనవేత్తలదేనని హెచ్చరించాడు. 1909లో జర్మన్ రసాయనవేత్త హేబర్ ప్రయోగశాలలో ఆ పని చేసి చూపితే, 1913లో బాష్ దాన్ని కర్మాగారానికి ఎక్కించాడు. కోనసీమలోని కొత్తపేట రైతు వరిచేలో చల్లే 45 కిలోల యూరియా బస్తాలో దాదాపు 21 కిలోల నత్రజని ఉంటుంది. ఆ లెక్క బస్తా మోసే రైతుకు ఎవరైనా తెలుగులో విడమరిచి చెప్పారా?

చెప్పగలిగినవాళ్లు కోనసీమకు కొత్త కాదు. ముంగండ మహీధర వారింటి నళినీమోహన్ ఢిల్లీ నేషనల్ ఫిజికల్ లేబొరేటరీలో పనిచేస్తూనే 'పిడుగు దేవర కథ', 'క్యాలెండర్ కథ' వంటి పుస్తకాలు రాశారు. ఇవాళ తెల్లదోమ వచ్చి కొబ్బరి ఆకులు మసిబారితే రైతు ముందు మందుల దుకాణానికే పరుగెడుతున్నాడు. ఆ దోమను చంపే మిత్ర శిలీంధ్రం ఉందన్న సంగతి అంబాజీపేట ఉద్యాన పరిశోధన స్థానంలో తెలుసు. పక్క ఊరికి మాత్రం ఆలస్యంగా చేరుతోంది.

అమలాపురం, రాజోలు కాలేజీల సైన్సు అధ్యాపకులకు నా మనవి ఒక్కటే. నెలకు నాలుగు పేజీలైనా తెలుగులో అచ్చువేయండి. అచ్చుకు ముందు ఒక రైతుకూ, మీతో విభేదించే ఒక సహోద్యోగికీ చదివి వినిపించండి.