‘గిరిజన యాస’ : ఒక విమర్శ పదం పరిశీలన

రాయలసీమ కథను సమీక్షిస్తూ ‘ఈ పాత్ర గిరిజన యాసలో మాట్లాడింది’ అని రాసేముందు ఒక్కసారి ఆగండి. ఆ మాట ఎంతవరకు సరైనదో చూద్దాం.

మైదుకూరు, పులివెందుల ఉన్న కడప జిల్లాలో ఎరుకలవారు, సుగాలీలు ఉన్నారు. చట్టం దృష్టిలో ఈ రెండు సమూహాలూ షెడ్యూల్డు తెగలే. భాష దృష్టిలో మాత్రం వేరు. ఎరుకల భాష తమిళానికి దగ్గరైన ద్రావిడ భాష. సుగాలీల లంబాడీ భాష హిందీ, గుజరాతీల వలె ఇండో-ఆర్య కుటుంబానిది. శ్రీకాకుళం వైపు సవర భాష ముండా శాఖకు చెందింది. అంటే ‘గిరిజన భాష’ అనే కుటుంబమే లేదు. ఇవి తెలుగు యాసలూ కావు. ఈ పాత్రలు తెలుగు మాట్లాడితే, దాని వెనుక మరో సొంత భాష ఉండవచ్చునని విమర్శకుడు గుర్తించాలి.

పేరు చిన్న విషయం కాదు. బ్రిటిషు ప్రభుత్వం 1871లో తెచ్చిన నేరస్థ తెగల చట్టాన్ని 1911లో మద్రాసు ప్రెసిడెన్సీకీ విస్తరించింది. ఎరుకలవారిపై పుట్టుకతోనే నేరస్థులన్న ముద్ర పడింది. ఆ చట్టం 1952లో రద్దయినా, ఆ ముద్ర జనం నోట మిగిలింది.

కాబట్టి మీ సమాధానాల్లో తెగ పేరు, భాష పేరు, ప్రాంతం పేరు విడివిడిగా రాయండి. ఒకదాని స్థానంలో మరొకటి వాడకండి.