నెల్లూరు కవి, కన్నడ సినిమా

మద్రాసు నుంచి నెల్లూరు వెళ్లే రైలు గుమ్మిడిపూండి దాటిన కాసేపటికే ఆంధ్రలో అడుగుపెడుతుంది. ఈ పట్టాల మీద సినిమా కోసం మద్రాసు చేరిన నెల్లూరు వాళ్లకు లెక్కలేదు. వాళ్లలో సొంత దారి వేసుకున్నవారు తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి.

సాహిత్యం చదివినవాళ్లకు ఆయన 'పఠాభి'. 1939లో 'ఫిడేలు రాగాల డజన్' అచ్చువేసి ఛందస్సును ఆటపట్టించిన కుర్రకవి. తరువాత కె.వి.రెడ్డితో కలిసి 'పెళ్లినాటి ప్రమాణాలు' (1958) నిర్మించారు. స్టూడియో సినిమా లోగుట్టంతా తెలిశాక, యాభై దాటిన వయసులో దాన్ని పక్కనబెట్టి కన్నడంలో 'సంస్కార' (1970) తీశారు.

కథ యు.ఆర్.అనంతమూర్తి నవలది. ఆచారం మంటగలిపిన నారణప్ప అగ్రహారంలో చచ్చిపోతాడు. దహనం ఎవరు చేయాలో తేలదు. శవం లేవందే ఏ ఇంట్లోనూ పొయ్యి వెలగకూడదు. ఎలుకలు రాలిపోతుంటాయి, రాబందులు ఇంటి కప్పుల మీద వాలుతుంటాయి, కడుపులు మాడుతున్న బ్రాహ్మణులు ధర్మసూక్ష్మం వెతుకుతుంటారు.

దీనికి సెట్టు వేయలేదు. శృంగేరి దగ్గరి వైకుంఠపురంలో, నలుపు తెలుపుల్లో తీశారు. మనుషుల్ని కూడా ఆయన సినిమా వీధిలో వెతకలేదు. మద్రాసులో ఆక్స్‌ఫర్డ్ ప్రెస్ ఉద్యోగి, నాటకకర్త గిరీష్ కర్నాడ్ స్క్రీన్‌ప్లే రాసి అగ్రహారానికి ధర్మం చెప్పాల్సిన పండితుడు ప్రాణేశాచార్యుడిగా నటించారు. వెండితెర మీద ఆయనకదే మొదటి వేషం. నారణప్ప ఉంచుకున్న చంద్రిగా పట్టాభి భార్య స్నేహలత, నారణప్పగా రచయిత లంకేశ్. కళ చోళమండలం చిత్రకారుడు ఎస్.జి.వాసుదేవ్‌ది, సంగీతం సరోద్ విద్వాంసుడు రాజీవ్ తారానాథ్‌ది. నిర్మాణంలో చేయి వేసినవారు సింగీతం శ్రీనివాసరావు. కెమెరా ఆస్ట్రేలియా వాడైన టామ్ కోవన్‌ది. మడీ మైలా ఎరగని పరాయి కన్ను కాబట్టే అగ్రహారాన్ని భక్తి గానీ వెటకారం గానీ లేకుండా చూసిందని నాకనిపిస్తుంది. మనవాడెవరైనా అయితే ఏదో ఒక పక్షం వహించేవాడు.

మద్రాసు సెన్సారు వాళ్లు చిత్రాన్ని నిషేధించారు. ఢిల్లీ ఆ నిషేధం ఎత్తేసింది. అంతటితో ఆగకుండా జాతీయ ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణ పతకమూ ఇచ్చింది. కన్నడ సినిమాకు అది మొదటిసారి. 1972లో లొకార్నో చిత్రోత్సవంలో కాంస్య చిరుత దక్కింది.

ఆ తరువాతిది విషాదం. ఎమర్జెన్సీలో స్నేహలతను బెంగుళూరు జైల్లో పెట్టారు. ఉబ్బసంతో నలిగిపోయి, విడుదలైన కొద్ది రోజులకే 1977 జనవరిలో కన్నుమూశారు. ఆమె నటించిన 'చండమారుత' ఆ ఏడే వచ్చింది. పట్టాభి మరో రెండు చిత్రాలు తీసి, 2006లో బెంగుళూరులో పోయారు.

మన సాహిత్య చరిత్రలు ఆయన్ను డజను పద్యాలతో సరిపెట్టేశాయి. అది అన్యాయం. పద్యాల్లో ఆయన చేసింది అల్లరి. అసలు పని 'సంస్కార'లో ఉంది. కన్నడం రాదని మానకండి, చూడండి.