కాలానికి వడ్డీ: 'నేరం' మలయాళ చిత్రం – ఒక పరిశీలన

మలయాళంలో 'నేరం' అంటే కాలం, సమయం. తెలుగులో అదే పదానికి అపరాధమని అర్థం. అల్ఫోన్స్ పుత్రెన్ తొలి చిత్రం 'నేరం' (2013) పేరు వినగానే తెలుగువారికి మొదట స్ఫురించేది ఈ రెండో అర్థమే. మలయాళ, తమిళ భాషల్లో ఏకకాలంలో నిర్మితమైన ఈ చిత్రం యువ ప్రేక్షకులను ఆకట్టుకోవడానికి నివిన్ పౌలీ, నజ్రియా నజీంల జంటనూ, విశేష ప్రచారం పొందిన 'పిస్తా' పాటనూ కారణాలుగా చెప్పడం పరిపాటి. అవి కొంతవరకు నిజమే. అయితే హాస్యమూ ఉత్కంఠా ఒకే మూలం నుంచి పుట్టడం ఈ చిత్ర ఆకర్షణకు ప్రధాన కారణం. ఆ మూలం అప్పు.

కథానాయకుడు మాథ్యూ కంప్యూటర్ విద్య అభ్యసించి, ఉద్యోగం కోల్పోయిన యువకుడు. సోదరి పెళ్లి కోసం 'వట్టి రాజా' వద్ద అప్పు చేస్తాడు. తమిళంలో వట్టి అంటే వడ్డీ. అప్పు తీర్చవలసిన ఆ ఒక్క రోజే చిత్రంలోని ప్రధాన కథాకాలం. తీర్చడానికి తెస్తున్న సొమ్ము దారిలో దొంగల పాలవుతుంది. ప్రేయసి జీనా ఇల్లు విడిచి వస్తుంది. ఆమె తండ్రి పోలీసులను ఆశ్రయిస్తాడు.

నిరుద్యోగి కాలానికి సమాజం విలువ కట్టదు. అప్పిచ్చినవాడు మాత్రం అదే కాలానికి గడువు పెట్టి ధర కడతాడు. చిత్రంలోని నవ్వుకూ భయానికీ ఈ వైరుధ్యమే ఆధారం. నాయకుణ్ణి గడువు తరుముతుంటే, చుట్టూ ఉన్నవారు తమ తమ ధోరణుల్లో నింపాదిగా వ్యవహరిస్తారు. వారి తీరు ప్రేక్షకుడికి హాస్యం. నాయకుడికి అది చేజారుతున్న సమయం. అందువల్ల హాస్య సన్నివేశాలు కథను ఆపకుండా ఉత్కంఠను పెంచుతాయి. బాబీ సింహా పోషించిన రాజా పాత్ర ఆ భయాన్ని సడలనివ్వదు.

చిత్రానికి పరిమితి కూడా ఇక్కడే ఉంది. రాజా రోడ్డు ప్రమాదంలో మరణించడంతో గండం గడుస్తుంది. చెడుకాలం తరువాత మంచికాలం వస్తుందన్న చిత్ర సూత్రానికి ఈ ముగింపు అనుగుణమే. అయినా అప్పు చేయించిన పెళ్లి ఖర్చూ నిరుద్యోగమూ ప్రశ్నించబడకుండానే మిగులుతాయి. ప్రతినాయకుడితోపాటు సమస్య కూడా తొలగిపోయిందన్న ఊరట ప్రేక్షకుడికి లభిస్తుంది. యువతను ఆకర్షించే గుణాల్లో ఈ ఊరట కూడా ఒకటని గుర్తించాలి.

సందీప్ కిషన్ నాయకుడిగా ఈ చిత్రం 2016లో 'రన్' పేరుతో తెలుగులో పునర్నిర్మితమైంది. మూలంలోని పేరు తెలుగులో వేరే అర్థమిస్తుంది కనుక మార్పు సహజమే. కాని కొత్త పేరు పరుగునే సూచించింది. పరుగెత్తించే కాలం పేరులోంచి తప్పుకుంది. పేరు మార్పుతో జరిగిన నష్టం ఇంకొకటి ఉంది. మాథ్యూను ఆ స్థితికి తెచ్చిన నేరం ఎవరిది? మూలచిత్రం అడగని ఈ ప్రశ్న, దాని పేరును తెలుగులో చదివినప్పుడు వినిపిస్తుంది.